కందెన పూసిన సైకిలు

నా చిన్నప్పుడు మా ఇంట్లో ఎవరూ ఎక్కని సైకిలు ఒకటి ఉండేది. గొడ్ల కొట్టంలో నాగలి పక్కన గోడకు ఆనించి పెట్టేవాళ్లు. కోళ్లు దర్జాగా దాని సీటు ఎక్కి కూర్చునేవి. అది మా మేనత్త భర్తది. మామయ్య బడిపంతులు. ఆ సైకిలు మీదే బడికి వెళ్లి వచ్చేవాడట. పెళ్లయిన కొద్దికాలానికే చలిజ్వరంతో పోయాడు. అత్త పుట్టింటికి తిరిగి వచ్చిన రోజు ఎడ్లబండిలో ఒక ఇనప పెట్టె, ఈ సైకిలు తప్ప ఇంకేమీ లేవు. మా ఊరు ఖానాపూర్‌కు ఇవతల అడవి అంచున ఉండేది.

మా తాతయ్య ఆ సైకిలును ప్రాణంగా చూసుకునేవాడు. ఏటా దసరాకు నాగలి, బండి, గొడ్డళ్లతో పాటు దాన్నీ బావి దగ్గర కడిగి, చైనుకు చేతినిండా కందెన పూసేవాడు. ఆముదంలో గడ్డి కాల్చిన మసి కలిపి చేసే ఆ కందెన నిజానికి బండి ఇరుసుకు పెట్టేది. తిరిగే ఇనుము ఏదైనా సరే, దానికి అదొక్కటే మందు అని ఆయన లెక్క. దేవుడి మీదకన్నా కందెన మీదే ఆయనకు నమ్మకం ఎక్కువని మా నాయనమ్మ దెప్పుతుండేది. అల్లుడు పోయిన దుఃఖం గురించి తాతయ్య మాట్లాడగా నేను ఎన్నడూ వినలేదు. ఆ చైనుకు కందెన పూసేటప్పుడు మాత్రం ఎవరితోనూ మాట్లాడకుండా చాలా సేపు కూర్చునేవాడు.

ఒక వానాకాలం నాకు జ్వరం ముదిరితే ఖానాపూర్ దవాఖానలో పెట్టారు. నాకు తోడుగా వచ్చిన అత్త ఊరికే కూర్చోలేక పక్క మంచాల వాళ్లకు గంజి తాగించడం, పక్కలు దులపడం మొదలుపెట్టింది. అది చూసిన డాక్టరమ్మ, దసరా వెళ్లిన మర్నాటి నుంచి పనిలోకి రమ్మంది. మెల్లగా నర్సు పని కూడా నేర్పుతానంది. రోజూ పొద్దున్నే రావాలి, రాలేకపోతే ఇంకొకరిని చూసుకుంటానని కూడా చెప్పింది. ఇంటికి వచ్చేటప్పుడు బండిలో అత్త తనలో తాను నవ్వుకోవడం చూశాను. మా అత్తకు అంత మంచి పలువరస ఉందని నాకు అప్పుడే తెలిసింది.

ఇంట్లో ఆ నవ్వు నిలవలేదు. నాయనమ్మ చెడ్డది కాదు, భయస్తురాలు. ఊరి నోటికి భయం, అడవిలో ఎలుగుబంట్లకు భయం. బిడ్డ పొద్దుగూకేలోపు ఇంటికి చేరాలంటుంది. నడిచి వెళ్లి, పని చేసి, నడిచి వచ్చేసరికి పొద్దు ఎక్కడుంటుంది? చివరికి విసిగిపోయి ఒక మాట అనేసింది.

"గా సైకిలు నడిస్తే పో. లేకుంటే ఇంట్లనే కూసో. మల్ల నన్నడుగకు."

నడవదని తెలిసే అంది. అత్తకు సైకిలు తొక్కడం వచ్చని మాత్రం ఆమెకు తెలియదు. మామయ్య సెలవు రోజుల్లో ఎవరూ లేని కల్లంలో నేర్పాడట. అత్త ఆ సంగతి నాకు ఒక్కదానికే చెప్పింది.

దసరాకు ముందు రోజు అత్త నన్ను వెంటబెట్టుకుని కొట్టంలోకి వెళ్లింది. కోళ్లను అదిలించి పెడలు మీద చేయి వేసి తొక్కబోతే కదల్లేదు. ఏళ్ల తరబడి పూసిన కందెన దుమ్ముతో, పేడపొడితో కలిసి గట్టి అట్టయింది. తాతయ్య కడిగిన నీళ్లు ఆరకముందే పూసేవాడు కాబట్టి తడి లోపలే ఉండిపోయింది. కత్తి మొనతో గీకితే నల్లటి పెచ్చు ఊడి, కింద ఎర్రగా తుప్పు కనిపించింది. అత్త చైను కొసలను కలిపే లింకు ఊడదీసి పట్టుకుంటే అది వేలాడాల్సింది పోయి కట్టెపుల్లలా నిలబడింది. నాకు ఏడుపొచ్చింది. అత్త ఏడవలేదు. పాత మూకుట్లో లాంతరులోని గ్యాసునూనె ఒంపి, చైను అందులో నానేసి, వేపపుల్ల నమిలి కుంచె చేసింది.

సరిగ్గా అప్పుడే తాతయ్య కందెన ముంత పట్టుకుని వచ్చాడు. నేల మీద తాను పూసిన కందెనంతా పెచ్చులు పెచ్చులుగా పడి ఉంది. ఆయన ముఖం చూడలేక నేను తల దించుకున్నాను.

"ఆయన నూనె జరంతే పెట్టేటోడు బాపూ. పెట్టి మల్ల గుడ్డతోని తుడిసేటోడు. మీద నూనె ఉంటె దుమ్ము పడ్తదనేటోడు," అంది అత్త. పెద్దవాళ్ల ముందు భర్త గురించి ఆమె మాట్లాడగా నేను వినడం అదే మొదటిసారి.

"మరి గిన్నేండ్లు చెప్పకపోతివేంది బిడ్డా?"

"నువ్వు గంత ప్రేమతోని పెడ్తుంటె ఎట్ల చెప్పాలె?"

తాతయ్య ముంత పక్కన పెట్టి, అత్త ఎదురుగా గొంతుక్కూర్చుని, గోనెగుడ్డ ముక్క అందుకున్నాడు. ఆమె పుల్లతో తోమేది, ఆయన తుడిచేవాడు. బిగుసుకుపోయిన లింకును అత్త రెండు వేళ్లతో ఇటూ అటూ వంచి, గ్యాసునూనెలో ముంచి, మళ్లీ వంచేది. గట్టిగా లాగబోయిన తాతయ్య చేతిని ఆపి, నిదానంగా చేయాలని చూపించింది. నన్ను పంపి బట్టలు కుట్టే మేరాయన ఇంటి నుంచి కుట్టుమిషన్ నూనె తెప్పించారు. పొడిగా తుడిచిన చైనుకు అది చుక్క చుక్కగా వేసి, పైన మిగిలింది తుడిచేశారు. చైను ఎక్కించి తాతయ్య పెడలు తిప్పితే వెనక చక్రం సర్రున తిరిగింది. ఆయన కళ్లు తుడుచుకోబోయి ముఖమంతా మసి చేసుకున్నాడు. మా అత్త పకపకా నవ్వింది.

మర్నాడు దసరా. వాకిట్లో పనిముట్లన్నీ వరసగా పెట్టారు. ఎవరి పనిముట్టుకు వాళ్లే బొట్టు పెట్టడం మా ఇంటి ఆనవాయితీ. నాగలికి తాతయ్య, గొడ్డలికి మా నాన్న, కొడవలికి మా అమ్మ, పలకకు నేను పెట్టాం. భర్త పోయాడు కాబట్టి అత్త ఎప్పటిలాగే తలుపు వెనక నిలబడింది. సైకిలుకు ఏటా తాతయ్యే పెట్టేవాడు. ఈసారి ఆయన కదల్లేదు.

"గా సైకిలు నేను తొక్కుతనా? తొక్కేది నా బిడ్డ. దానికి బొట్టు అదే పెట్టాలె," అన్నాడు.

కుంకుమ బరిణె నాయనమ్మ చేతిలో ఉంది. ఆమె ఒకసారి పక్కింటి గోడ వైపు చూసింది. అవతల జనం ఉన్నారు. నాయనమ్మ ఇవ్వకపోతే రేపటి ప్రయాణం కూడా అక్కడితో సరి. ఆమె గడప దాకా నడిచి, బరిణె ముందుకు చాపింది.

"రా బిడ్డా. చైనుకు పెట్టకు, నూనె మీద నిలువది. ముందల హ్యాండిల్‌కు పెట్టు. జల్ది!"

అత్త గడప దాటి వచ్చి, వేలికి కుంకుమ అద్దుకుని పెట్టింది. ఆ బొట్టు వంకరగానే పడింది.

తెల్లారి అత్త చీర కుచ్చిళ్లు ఎగజెక్కి సైకిలెక్కి వెళ్లింది. ఊరు నోరు తెరుచుకుని చూసింది, నాలుగు రోజులు వాగింది, తరువాత కాన్పులొచ్చినప్పుడు ఆమె కోసమే మా గుమ్మం తొక్కింది. అత్త నర్సుగానే రిటైరైంది.

ఇప్పుడు మా అత్త లేదు, మా ఆయనా లేడు. పెళ్లింటికో పేరంటానికో వెళ్తే నా కళ్లు ముందు గోడవారకే పోతాయి. అక్కడ పిలిచేదాకా రాకూడదని ఎవరో ఒక ఆడమనిషి నిలబడి ఉంటుంది. నేను కుంకుమ బరిణె తీసుకుని ఆమె దగ్గరికి వెళ్తాను. మూతులు ముడిచేవాళ్లు ముడుస్తారు, ముడుచుకోనీ. చాలామంది భయపడి చేయి వెనక్కి లాక్కుంటారు. వాళ్లు తీసుకునేదాకా నేను చాపిన చేయి దించను.