ఎడమ వైపు నుంచి వచ్చే విమానాలు

మొన్న శుక్రవారం పొద్దున మా అత్తమ్మ కన్నుమూసింది. చింతల్‌కుంటలో మా ఇంటి ముందు టెంటు వేశారు, కుర్చీలు తెప్పించారు. వచ్చినవాళ్ళలో సగం మంది నాకు ముక్కూ మొహం తెలియని నడివయసు మగవాళ్ళు. అందరికీ బట్టతలలూ, కాస్తో కూస్తో పొట్టలూ. వాళ్ళలో ఒకాయన నా దగ్గరికొచ్చి, "మేమంతా ఆంటీ దుకాణంల ఆడి పెద్దగైనోళ్ళమమ్మా" అన్నాడు. అంతవరకూ ఆపుకున్న ఏడుపు ఆ మాటతో ఆగలేదు.

దిల్‌సుఖ్‌నగర్‌లో, ఇప్పుడు కోచింగ్ సెంటర్ల బోర్డులు తప్ప ఆకాశం కనబడని ఒక సందులో, తొంభైల్లో ఆమెకి వీడియో గేముల దుకాణం ఉండేది. పొలం అమ్మగా వచ్చిన డబ్బుతో మామయ్య సిమెంటు వ్యాపారం పెడతానంటే, ఆయన్ని ఒప్పించి నాలుగు టీవీలూ నాలుగు గేమ్ పెట్టెలూ కొనిపించింది. పిల్లలు గంటల లెక్కన ఆడుకునేవాళ్ళు. వాళ్ళు బడికి పోయాక షట్టరు సగం దించి ఈమె ఆడేది. చీర చెంగు నడుముకి దోపి, నేల మీద బాసింపట్టు వేసుకుని.

"ఆంటీ, మిషన్ ఖరాబైంది" అని ఎవడైనా అరిస్తే లేచి వెళ్ళి ముందు వాడి చేతిలో ఆడే రిమోట్ మార్చేదట. అయినా కుదరకపోతే ఆట ఉండే క్యాసెట్. తర్వాత వైరు. ఆఖరికి టీవీ. ఎంత తొందరలో ఉన్నా రెండు కలిపి మార్చేది కాదు. "రెండు మారిస్తె ఏది ఖరాబైందో ఎట్ల తెలుస్తది?" అనేది. అన్నీ మార్చాక కూడా వాడు ఓడిపోతుంటే, "మిషన్ మంచిగనే ఉన్నది. నువ్వే మంచిగ లెవ్వు. ఇంటికి పో" అని బయటికి పంపేది.

నేను వనస్థలిపురం నుంచి ఈ ఇంటికి కోడలిగా వచ్చాను. మా అమ్మానాన్నలది గుంటూరు వైపు. మా ఇళ్ళలో అత్తగారిని అత్తయ్యగారూ అంటాం. మొదటి రోజే ఆమె నవ్వి, "గారు గీరు ఎందుకే, అత్తమ్మా అను, చాలు" అంది. అందుకే ఇక్కడ కూడా గారు పెట్టడం లేదు, చదివేవాళ్ళు ఏమీ అనుకోకండి. పెళ్ళయిన కొత్తలో ఒకసారి మా ఆయనతో గొడవపడి, ఈ ఉద్యోగం వద్దు, ఈ ఇల్లు వద్దు, ఈ మనిషీ వద్దు అని బట్టలు సర్దుకుంటుంటే, గుమ్మంలో నిలబడి తీరిగ్గా చూసింది. "ఒక్కసారి ఒక్కటే మార్చు బిడ్డా. ముందుగాల ఉద్యోగం మార్చి చూడు" అంది. ఏడుస్తూ ఏడుస్తూనే నవ్వాను. ఉద్యోగం మార్చాను కూడా. మిగతా రెండూ అలాగే ఉన్నాయి. ఆ మాటకి ఆమెకి ఎంత రుణపడి ఉన్నానో ఆమెతో ఎప్పుడూ అనలేదు.

రెండేళ్ళ కిందట మా తమ్ముడు మా ఆయన పుట్టినరోజుకి ఒక బుల్లి గేమ్ పెట్టె ఇచ్చాడు. పాత కాలపు పెట్టెకి అచ్చు గుద్దినట్టుండే నకలు, అరచేతిలో ఇమిడిపోతుంది. మా ఆయన దాన్ని అటకెక్కించబోతుంటే అత్తమ్మ లాక్కుంది.

"గింత చిన్నగైందా! ఎండబెట్టిన్రా ఏంది?" అంది. అటూ ఇటూ తిప్పి చూసి, "క్యాసెట్ యాడ పెట్టాలె?" అని అడిగింది.

క్యాసెట్లు ఉండవనీ, ఆటలన్నీ లోపలే ఉంటాయనీ చెప్పాను. వరసగా చూసి పెదవి విరిచింది. ఇరవై చిల్లర ఆటల్లో తన దుకాణంలో ఆడించినవి ఒకటో రెండో ఉన్నాయంతే. "మావి లెవ్వు" అంది.

అందులోకి వేరే ఆటలు కూడా ఎక్కించొచ్చని నేను చదివి తెలుసుకున్నాను. పెట్టెని ల్యాప్‌టాప్‌కి వైరుతో కలిపి, రీసెట్ బటన్ నొక్కిపట్టి ఆన్ చేయాలి. దీపం వెలగదు. చచ్చిపడి ఉన్నట్టే ఉంటుంది గానీ ల్యాప్‌టాప్‌కి కనబడుతుంది. ముందు లోపల ఉన్నదంతా నకలు తీసి దాచుకోవాలి. ఆ తర్వాతే కొత్తవి ఎక్కించాలి, లేకపోతే ఏదైనా తేడా వచ్చినప్పుడు పెట్టె మళ్ళీ లేవదు.

"లేవకుంటె?" అంది అత్తమ్మ.

"ఇక అంతే అత్తమ్మా."

"మన్సులకు తీస్తరా గట్ల నకలు?" అని నవ్వింది. నేనూ నవ్వాను. మొదట ఆమె విమానాల ఆట ఎక్కించాం. కింద మన విమానం, పై నుంచీ పక్కల నుంచీ వచ్చే శత్రువులు, బొటనవేలితో బటన్ నొక్కుతూ వాటిని కాల్చాలి. రోజూ మధ్యాహ్నం అన్నాలయ్యాక ఆడేది. అరవై దాటిన మనిషి, ఒక్క దెబ్బ తగలనిచ్చేది కాదు.

పోయిన ఏడాది ఎండాకాలంలో ఒక మధ్యాహ్నం రిమోట్ పక్కన పడేసింది. "గీ ఆట సరిగ్గ ఎక్కలే. ఎడమ దిక్కు నుంచి ఏం ఒస్తలేవు. ఉత్తగనే సచ్చిపోతున్న."

పక్కన కూర్చుని చూశాను. ఎడమ నుంచి విమానాలు బాగానే వస్తున్నాయి. ఈమే తప్పుకోవడం లేదు. వాటికి ఎదురెళ్ళి పేలిపోతోంది. నేను ఆ ఆటను చెరిపేసి ఇంకో చోటి నుంచి తెచ్చి ఎక్కించాను. అదే తంతు. రిమోట్ మార్చింది. మర్నాడు వైరు మార్పించింది. ఆ తర్వాత పెట్టెని పడకగదిలో ఉన్న టీవీకి పెట్టించింది. నాకు చిరాకేసింది, ఆఫీసు పని ఒక పక్క, ఈ ఆటల గోల ఒక పక్క.

ఆ వారం ఆమె అడిగిన ఆటలు కూడా వింతగా ఉన్నాయి. "ఎడమ దిక్కు నుంచే ఏమన్న ఒచ్చే ఆట ఎక్కియ్యి" అంది ఒక రోజు. మర్నాడు, "ఇప్పుడు కుడి దిక్కు నుంచి ఒచ్చేది" అంది. అదే వారంలో వంటింటి గుమ్మానికి ఎడమ భుజం రెండు మూడుసార్లు కొట్టుకుంది. ఒకసారి కంచంలో ఎడమ వైపు వేసిన చిక్కుడుకాయ కూర ముట్టకుండా చెయ్యి కడుక్కోబోతుంటే, బాగాలేదా అని అడిగాను. "ఏసినవా?" అంది. కంచాన్ని మెల్లగా సగం తిప్పి, అక్కడ కనబడ్డ కూర వైపు చాలాసేపు చూస్తూ ఉండిపోయింది.

చివరికి బంతాట ఎక్కించమంది. తెరకి ఎడమ పక్క ఒకరి బ్యాటు, కుడి పక్క ఇంకొకరిది, మధ్యలో బంతి. నన్ను ఎడమ వైపు ఆడమని తాను కుడి బ్యాటు తీసుకుంది. చిత్తుగా ఓడించింది. తర్వాత మార్చుకున్నాం. ఎడమ బ్యాటు తీసుకున్నాక ఒక్క బంతీ తిప్పికొట్టలేకపోయింది. అప్పుడు ఒక కన్ను మూసుకుని ఆడింది. తర్వాత రెండో కన్ను. ఆ తర్వాత రిమోట్‌ని మెల్లగా కింద పెట్టింది.

"ఈ కన్ను మూసినా గంతే, ఆ కన్ను మూసినా గంతే. ఆట మంచిగున్నది, టీవీ మంచిగున్నది, కండ్లు మంచిగనే ఉన్నయి" అంది. "ఇంక మార్చెటందుకు నేనే మిగిలిన బిడ్డా. నా తలకాయల ఏదో ఉన్నది."

మా ఆయనకి చెబుదామని నేను ఫోన్ తీశాను. ఆమె నా చెయ్యి పట్టుకుని ఆపింది. "వానికి ఇప్పుడే చెప్పకు. మెట్రో దిగి ఇంటికొస్తడు. ముందుగాల కడుపునిండ తిననియ్యి." తెర మీద ఎవరూ కొట్టని బంతి ఇంకా కదులుతూనే ఉంది.

మర్నాడే స్కానింగ్ తీయించాం. తలలో కుడి పక్కన గడ్డ. ఎలా తెలుసుకున్నారమ్మా అని డాక్టరు అడిగితే, "విమానాల ఆటల" అంది. ఆయన నా మొహం చూశాడు. ఆపరేషన్ అయింది, మాకు కొన్ని నెలలు దక్కాయి. అవి కూడా ఆమె పసిగట్టడం వల్ల దక్కినవే. ఇంటికొచ్చాక మళ్ళీ రిమోట్ పట్టుకుంది. "పాత ఆటలల్ల మన్సులంత కుడి దిక్కుకే ఉరుకుతరు, మంచిదైంది" అని నవ్వేది.

ఆ ఎడమ వైపు ఏం కనబడుతుంది, నల్లగా ఉంటుందా అని ఒకసారి అడిగాను.

"నలుపు గూడ లేదు. నీ తల ఎనుక నీకు ఏం కనబడ్తది? గట్ల."

ఆ ఏమీ లేనిది పెరుగుతోందని మాకు డాక్టరు కంటే ముందు ఆటలే చెప్పాయి. ఆమె స్కోరు పడిపోయిన రోజు ఇంట్లో ఎవరికీ ముద్ద దిగేది కాదు. చూడ్డానికి వచ్చినవాళ్ళందరినీ కుడి వైపు కూర్చోమనేవాళ్ళం. ఎడమ వైపు నుంచి పలకరిస్తే, ఖాళీ గదిలో గొంతు వినిపించినట్టు ఉలిక్కిపడేది. సంక్రాంతి దాటాక ఇక కొత్తవి ఎక్కించమనడం మానేసింది. "గా ట్యాంకుల ఆట తీసెయ్యి, ఇంక నేను ఆడ" అనేది. మర్నాడు ఇంకొకటి. ఎక్కించిన చేతులతోనే ఒక్కొక్కటీ తీసేశాను. ఒక్కసారి ఒక్కటే. నేను వెక్కి వెక్కి ఏడుస్తుంటే, "ఏడ్సుకుంట నొక్కకు, తప్పుది పోతది" అని కసిరింది.

గురువారం సాయంత్రం, ఇంకా వెలుతురుండగానే, మంచానికి కుడి వైపు మా ఆయన కుర్చీలో కునికిపాట్లు పడుతున్నాడు. ఎడమ వైపు నిలబడి నేను దుప్పటి సర్దుతున్నాను. అత్తమ్మ తల మెల్లగా ఎడమకి తిప్పింది. చాలా వారాలుగా అటు తిరగని తల. ఆ కళ్ళు నా భుజం దాటి, గోడ దగ్గర ఎక్కడో నిలిచాయి.

"ఒస్తున్నయి" అంది.

"ఏమొస్తున్నాయి అత్తమ్మా?"

"కనబడ్తున్నయి. మంచిగ కనబడ్తున్నయి."

నేను వెనక్కి తిరిగి చూశాను. సున్నం గోడ, కిటికీ రెక్క. ఇంతలో ఆమె కుడి చెయ్యి నా మణికట్టు పట్టుకుంది. అంత బలం ఆ చేతిలో ఎక్కడ మిగిలిందో తెలియదు.

"గాడ నిలబడకు బిడ్డా. నీకు తగుల్తయి. ఇటు రా. నా ఎనుకకు రా."

మంచం చుట్టూ తిరిగి కుడి వైపుకి వెళ్ళి, నేల మీద కూర్చుని నా చెయ్యి మళ్ళీ ఆమె చేతికిచ్చాను. ఆమె చూపు మాత్రం ఎడమ వైపే ఉంది. నా చేతి మీద ఆమె బొటనవేలు టకటకా నొక్కుతూనే ఉంది.