నేను ఇవ్వని అర్జీ

సౌదీలో, రాస్ తనూరాలోని మా కంపెనీ క్యాంపులో నా పక్క గదిలో ఒక ఫిలిప్పీన్స్ ఏసీ మెకానిక్ ఉండేవాడు. నేను డ్రైవర్ని. అతను నన్ను సదీక్ అని, అంటే దోస్త్ అని పిలిచేవాడు. నేనూ అలాగే పిలిచేవాణ్ణి. మా మాటలు సగం అరబ్బీ, సగం ఇంగ్లీషు. రెండూ ఇద్దరికీ సరిగ్గా రావు కాబట్టి సిగ్గుపడే అవసరం ఉండేది కాదు.

అతని మంచం పైన గోడకు వాళ్ళ దేశపు పాత సినిమా హీరో బొమ్మ అంటించి ఉండేది. తోలు జాకెట్టు, నుదుటి మీద నెత్తురు. ఆ హీరో కథ నేను ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. చేపల రేవులో మంచుగడ్డలు మోసేవాడట. షూటింగువాళ్ళకు మేడ మీంచి దూకే మనిషి కావాలంటే దూకాడట. పదేళ్ళు వేరే హీరోల బదులు దెబ్బలు తిని, ఆఖరికి తనే హీరో అయ్యాడట. పేదవాళ్ళ తరఫున కొట్టే వేషాలే వేసి, సొంత ఊరికి మేయరై, తర్వాత సెనేటరయ్యాడట.

నాకు నవ్వొచ్చేది. జగిత్యాల దగ్గర మా ఊళ్ళో నేను హీరో కటౌటుకు పాలు పోసినవాణ్ణి. ఓట్లకు వచ్చిన హీరో జీపు వెంట మూడు ఊళ్ళు పరుగెత్తినవాణ్ణి. మేమిచ్చిన కాగితాలు గోనెసంచిలోకి పోవడమూ చూశాను. ఈ సంగతులన్నీ నాకు తెలుసని గర్వం.

"మా దగ్గర ఇలాంటివాళ్ళు బోలెడుమంది. సినిమాలోనే కొడతారు" అన్నాను ఒకసారి.

"మీవాళ్ళకు డాన్సులతోనే సరిపోతుంది సదీక్, కొట్టడానికి తీరికెక్కడిది?" అన్నాడు.

అతని చెల్లెలు నజ్రాన్‌లో ఒక ఇంట్లో పనిచేసేది. కాంట్రాక్టు ముగిసి ఏడాది దాటినా కఫీల్, అంటే ఆమెను తెచ్చుకున్న యజమాని, ఆమెకు ఖురూజ్ ఇవ్వలేదు. ఆ కాగితం లేనిదే దేశం దాటడానికి వీల్లేదు. ఫోను శుక్రవారం మాత్రమే చేతికిచ్చేవారు. ఆమె కూతురికి తల్లంటే ఆ శుక్రవారపు గొంతే.

ఆ సెనేటరు తమ దేశపు పనివాళ్ళను కలవడానికి రియాద్ వస్తున్నాడని తెలిసినప్పుడు, నా మిత్రుడు మూడు సాయంత్రాలు కూర్చుని అర్జీ రాశాడు. రిఫైనరీలో షట్‌డౌన్ నడుస్తోంది. ప్లాంటు ఆపి మరమ్మతులు చేసే ఆ వారాల్లో అతనికి సెలవు దొరకదు. నేను మాత్రం ఒక ఇంజనీరును రియాద్ తీసుకుపోవాలి. కవరు నాకిచ్చి, "అతని చేతిలోనే పెట్టు" అన్నాడు.

నా గదిలో మా మండలంవాడే ఒకాయన ఉండేవాడు, బావా అని పిలిచేవాణ్ణి. "ఏందిరా, లీడర్ల ఎంట తిరుగుడు ఈడ గూడ షురూ జేసినవా? గాయన నిన్ను సర్పంచిని జేస్తడా?" అన్నాడు.

"ఊకో బావా. కాయిదమిచ్చి అస్త, గంతే."

రియాద్‌లో, మలాజ్ అనే పేటలో ఒక స్కూలు హాల్లో సభ. శుక్రవారం మధ్యాహ్నం. ఆయన లోపలికి రాగానే జనం కేకలు వేశారు. నేను ఆయన సినిమా ఒక్కటీ చూడలేదు, అయినా నా ఒళ్ళు పొంగింది. టికెట్ల కిటికీ దగ్గర నేర్చుకున్న విద్యతో భుజాలు పక్కకు తిప్పి, మోచేతులు ఆనించి, ముందుకు చేరాను. ఆయన నావైపు తిరిగి చేయి చాచాడు.

నా చేయి ఫోను కోసం జేబులోకి పోయింది. ఆయన నా భుజం మీద చేయి వేశాడు. ఫోటో దిగాను. వెనకవాళ్ళు నన్ను నెట్టేశారు.

బయటికొచ్చి ఫోటో చూసుకుంటే, నా పళ్ళన్నీ కనిపిస్తున్నాయి, కవరు చంకలో నలిగి ఉంది. గేటు దగ్గర ఆయన మనుషులు బల్ల వేసుకుని కాగితాలు తీసుకుంటున్నారు. అక్కడైనా ఇవ్వవలసింది. 'అతని చేతిలోనే' అన్నాడు కదా అని నాకు నేను చెప్పుకున్నాను. నిజానికి వరుస పొడుగ్గా ఉంది, ఎండగా ఉంది.

"ఇచ్చావా?" అని అడిగాడు మిత్రుడు క్యాంపులో.

"ఇచ్చాను. మడిచి కోటు జేబులో పెట్టుకున్నాడు."

కోటు జేబు ఎందుకు కల్పించానో ఇప్పటికీ తెలియదు. అతను నా రెండు చేతులూ పట్టుకున్నాడు.

రెండు నెలలకు అతను సంతోషంగా ఒక సంగతి చెప్పాడు. యజమాని తల్లిని ఆసుపత్రికి తీసుకెళ్ళినప్పుడు అక్కడి ఫిలిప్పీన్స్ నర్సులు చెల్లెల్ని పలకరించారట. తమ కారులో తీసుకుపోయి ఎంబసీ వసతిలో చేరుస్తామని, అన్నకు చెప్పమని నంబరు కూడా ఇచ్చారట. ఆమె వద్దందట. సెనేటరు సార్ జేబులో నా కాగితం ఉంది, పారిపోయిందన్న మాట నాకెందుకు అందట.

అప్పుడే చెప్పి ఉండాలి. "మంచిదే" అన్నాను. ఇంకో మూడు నెలలు గడిచాయి.

ఒక శుక్రవారం అతను ఫోను స్పీకర్‌లో పెట్టి నా ముందుకు జరిపాడు. "ఆ జేబు సంగతి నీ నోటితో వినాలంటోంది. ధైర్యం చాలడం లేదట."

ఆమె ఊపిరి వినిపిస్తోంది. మాకిద్దరికీ కుదిరే భాష వంటింటి అరబ్బీ ఒక్కటే. "అనా కజ్జాబ్" అన్నాను. నేను అబద్ధాలకోరును అని. కాగితం నా పెట్టెలోనే ఉందనీ, దాని బదులు ఫోటో దిగాననీ చెప్పాను.



"అయితే సార్‌ను ఊరికే తిట్టుకున్నానన్నమాట, ఇన్నాళ్ళూ" అంది.

తర్వాత తమ భాషలో అన్నను ఏదో అడిగింది. నర్సు అన్న మాట ఒక్కటి నాకు తెలిసింది. అతను నావైపు చూడకుండా తన ఫోనులో నర్సుల నంబరు వెతికి, ఒక్కొక్క అంకే చదివాడు.

మళ్ళీ ఆసుపత్రికి వెళ్ళిన రోజు ఆమె ఆ కారెక్కింది. ఎంబసీ వసతి నుంచి ఇల్లు చేరడానికి ఇంకో రెండు నెలలు పట్టింది. ఆమె విమానం ఎక్కిన రోజు నేను కవరు తీసుకుని అతని గదికి వెళ్ళి, క్షమించమన్నాను.

"నన్నడిగితే ఏం లాభం? ఆ అయిదు నెలలు నావి కావు" అని, కవరు తీసుకుని తలుపు వేసుకున్నాడు.