మీసాల ఈగకు బదిలీ

కోటగిరిలో మా ఎదురింటి దేవదాస్ కాక చక్కెర ఫ్యాక్టరీ గేటు దగ్గర వాచ్‌మన్‌గా చేసి రిటైరయ్యాడు. మీసం మాత్రం ఇంకా డ్యూటీలోనే ఉంది. ఇప్పుడాయన లోకమంతా చెరుకు చేను గట్టు మీది ఒక్క తేనెపెట్టె. రెండో పెట్టెలోని తేనెటీగలు పోయినేడే లేచిపోయాయి. ఇదీ ఖాళీ అయితే ఇక తేనె మాటెత్తనని భార్య గంగమ్మకు మాటిచ్చాడు.

ఓ పొద్దున గోడ మీంచి పిలిచాడు.

"బిడ్డా, పురుగుల సదువు సదివినవు గదా, జర వచ్చి సూడు. నా పెట్టెకు వాచ్‌మన్ దొరికిండు!"

మా రెండేళ్ల పాప హర్షిణిని ఎత్తుకుని వెళ్లాను. పెట్టె ఎదుట ఎండు చెరుకుగడ పాతి ఉంది. దాని కొసన చారల పొట్టతో పెద్ద ఈగ, మూతి నిండా మీసాలు.

"కుర్సీ నేనే ఏసిన. పొద్దంత పెట్టె దిక్కే సూస్తడు."

"కుడుతదా కాకా?" పాపను అటు చంకలోకి మార్చుకున్నాను.

"నిన్నెందుకు కుడతడు? నువ్వేమన్న దొంగవా?"

అంతలో ఈగ రివ్వున లేచి, గాల్లోనే దేన్నో పట్టుకుని మళ్లీ గడ మీద వాలింది.

"దొంగను పట్టిండు!" కాక చప్పట్లు కొట్టాడు.

దగ్గరికెళ్లి చూశాను. "పట్టింది నీ తేనెటీగనే కాకా. దీనికి రెండే రెక్కలు, తేనెటీగకు నాలుగు. నడినెత్తిన కండ్ల నడుమ గుంట సూడు. గిది దోపిడీ ఈగ."

కాక మొహం వాడిపోయింది. "పెట్టె పల్చబడుతుంటే, ఈగలను ఎల్లగొట్టనీకి గంగమ్మ సాటుగ మిరపకాయల పొగ పెడుతుందనుకున్న."

చెప్పు తీశాడు.

"చంపకు! దీని పిల్లలు మట్టిలో ఉండి చెరుకు వేరుపురుగును తింటయి."

చెప్పు ఆగింది. "గీ ఒక్క రకమేనా?"

"వేల రకాలున్నయి. తుమ్మెద లెక్క బొద్దుగ కొన్ని, కందిరీగ వేషంల కొన్ని, పుల్ల లెక్క సన్నగ కొన్ని. మీసం, గుంట మాత్రం అన్నిటికి ఉంటయి."

"ఒకటే ఖాందాన్ అన్నట్టు."

గడ పీకి, చేను అవతలి కొసన పాతాడు. "ఇగ నీ డ్యూటీ గీడనే. గేటు దిక్కు రాకు!" దోపిడీ ఈగలు ఎండలోనే వేటాడతాయని చెప్పాను. సాయంత్రం తేనెటీగలన్నీ లోపలికి చేరాక పెట్టెను రెండడుగులు వేప నీడకు జరిపాడు.

మర్నాడు గంగమ్మ అడిగింది. "నీ వాచ్‌మన్ ఏడి?"

"ట్రాన్స్‌ఫర్ అయిండు."

"మరి కాపలా?"

కాక స్టూలు వేసుకుని పెట్టె పక్కన కూర్చున్నాడు. వాలుతున్న ఒక్కో ఈగనూ కళ్లు చికిలించి చూస్తూ మీసం దువ్వాడు.

"నాలుగు రెక్కలున్నోళ్లకే ఎంట్రీ!"