నవ్వని మ్యాట్నీ

కుస్తీలు నేర్పే గరడి నుంచి కబురు వచ్చినప్పుడు మా నాయన టాకీసు మెట్ల మీద నిలబడి టీ తాగుతున్నాడు. కబురు తెచ్చినవాడు చెవులు ముడుచుకుపోయిన పైల్వాను. పగలంతా నగర్తపేటలో రాగి బిందెలు సాగగొట్టే పని, తెల్లవారుజామున కుస్తీ.

"వస్తాదు పంపించినాడు. రేపు మ్యాట్నీకి మేము ముప్పైమంది వస్తాండాము. నడిమి వరసలు మాకు పెట్టేయండి," అన్నాడు.

"సినిమా చూసేదానికేనా?" అని అడిగాడు నాయన.

"అది వస్తాదునే అడగండప్పా," అని వెళ్ళిపోయాడు.

నాయన మిగిలిన టీని మెట్ల పక్కన పారబోశాడు. ఆయన టీ పారబోయడం నేను అంతకుముందు చూడలేదు.

తొంభైల మధ్యకాలం అది. బెంగళూరు పాతపేటలోని ఆ టాకీసుకు నాయన మేనేజరు. పీయూసీ పాసై ఇంట్లో ఉన్న నన్ను ఆడవాళ్ళ టికెట్ కౌంటర్లో కూర్చోబెట్టాడు. ఆ వారం ఆడుతున్నది ఒక తెలుగు కుస్తీ సినిమా, పూర్తిగా హాస్యం. ఇడ్లీ కొట్టులో వంటవాడు పెళ్ళి కుదరడానికి తాను పైల్వానునని అబద్ధం చెప్పి, చివరికి నిజంగానే గోదాలోకి దిగాల్సి వస్తుంది. పోస్టరు మీద ఆ లావుపాటి హీరో ఊడిపోతున్న గోచీని రెండు చేతులా పట్టుకుని ఉంటాడు. ఆదివారం పొద్దున చూస్తే పేటలోని పోస్టర్లన్నింటి మీదా పేడ పూసి ఉంది. గరడివాళ్ళే చేశారని అందరూ అనుకున్నారు. ఇంకెక్కడో తెరనే కోసేశారని కూడా పుకారు వచ్చింది. ఇప్పుడు ముప్పైమందీ కలిసి వస్తామంటున్నారు.

పోలీసులను పెట్టుకోమని ఓనరు ఫోనులో చెప్పాడు. "వద్దు సార్. ఆయన నాకు గురువు. నేను చూసుకుంటా," అన్నాడు నాయన.

గురువన్న మాట నాకు కొత్త. ఆ సాయంత్రం కూర తరుగుతూ అమ్మ చెప్పింది. పెళ్ళికి ముందు నాయన ఆ గరడిలోనే పెరిగాడట. వస్తాదు ఆయన మీద ఎంతో ఆశ పెట్టుకున్నాడట. దసరా కుస్తీల్లో, వేలమంది ముందు, నాయన నిమిషం కూడా నిలవలేక వెల్లకిలా పడ్డాడు. జనం హో అని అరిచారు. నాయన లేచి, ఒళ్ళు కూడా కడుక్కోకుండా నేరుగా ఇంటికి వచ్చేశాడు. ఇరవై ఏళ్ళు దాటినా మళ్ళీ ఆ వీధిలో అడుగు పెట్టలేదు.

"ఆయనకు గలాటా అంటే భయం లేదే," అంది అమ్మ. "వస్తాదు మొగం చూడాలంటేనే భయం."

మర్నాడు, శుక్రవారం మధ్యాహ్నం, ఓనరు ఈసారి నా కౌంటరుకు ఫోన్ చేశాడు. "మీ నాయన వినడు. ఏదన్నా గలాటా మొదలైతే నువ్వే స్టేషనుకు ఫోన్ చెయ్యి," అని నెంబరు రాయించాడు. టికెట్ పుస్తకం వెనక రాసుకున్నాను. నాయనకు చెప్పలేదు.

వాళ్ళు రెండింటికి వచ్చారు. నున్నగా గొరిగించుకున్న తలలు, తెల్ల జుబ్బాలు. ముందు నడుస్తున్న ముసలాయన వస్తాదని ఎవరూ చెప్పక్కర్లేదు. డెబ్బై ఏళ్ళుంటాయి, మెడ మాత్రం ఎద్దు మెడలా ఉంది. గేటు దగ్గర టికెట్లు నాయనే చింపాడు. చిరిగిన ముక్క అందుకుంటూ వస్తాదు ఆయన ముఖంలోకి చూశాడు.

"తలకాయ నెరిసిపోయిండాదే," అన్నాడు. అంతే. లోపలికి వెళ్ళిపోయాడు.

కౌంటరు మూసి నేను ఆడవాళ్ళ ద్వారం పరదా పక్కన నిలబడ్డాను. మామూలుగా ఆ సినిమాకు మొదటి పది నిమిషాల్లోనే హాలు ఎగిరిపోయేది. రుబ్బురోలు ముందు కూర్చుని హీరో అంటాడు: "ఇడ్లీ పిండికీ పైల్వానుకీ ఒకటే న్యాయం. ఎంత రుబ్బితే అంత పొంగుతారు." ఆ మాటకు రోజూ ఈలలే. ఆ రోజు బాల్కనీలో ఎవరో నవ్వబోయి, కింద కదలని ముప్పై తలలను చూసి ఆపుకున్నారు. జనం నవ్వుకోవడానికని ప్రతి మాట తర్వాతా నటుడు కొంచెం ఆగుతాడు. ఆ ఖాళీల్లో ఫ్యాన్ల చప్పుడు వినిపించింది. అలా గంటంబావు గడిచింది.

ఇంటర్వెల్లో వస్తాదు కుర్చీలోంచి లేవలేదు. ఆయన మనుషులు ఆరేడుగురు బయటికొచ్చి, సోడా బండి దగ్గర నాయన చుట్టూ నిలబడ్డారు. నాకు వాళ్ళ వీపులు తప్ప ఏమీ కనబడటం లేదు. ఒకడి చెయ్యి నాయన భుజం మీద పడింది. నేను కౌంటర్లోకి పరుగెత్తి టికెట్ పుస్తకం తిరగేసి నెంబరు తిప్పాను. "టాకీసులో గలాటా అవుతాండాది, తొందరగా రండి," అని పెట్టేశాను.

తిరిగి చూసేసరికి నాయన రెండు గోలీసోడాలు పట్టుకుని లోపలికి వస్తున్నాడు.

"ఏమన్నారు నాయనా?"

"వస్తాదుకు సోడా కావాలంట. చల్లగా ఉండేది ఏదని అడిగినారు."

చెప్పాలని నోరు తెరిచేలోపు గంట మోగింది, ఆయన లోపలికి వెళ్ళిపోయాడు. మళ్ళీ స్టేషనుకు ఫోన్ చేశాను. ఎవరూ ఎత్తలేదు. ఇంకోసారి చేశాను. లాభం లేకపోయింది. జీపు చప్పుడు కోసం చెవులు వీధి వైపు పెట్టి పరదా పక్కనే నిలబడ్డాను.

తెర మీద మొదటి కుస్తీ వచ్చింది. హీరో గోదాలో బోర్లా పడి ఉన్నాడు. వీపు మీద కొండలాంటి మనిషి. గట్టు మీది నుంచి గురువు "లేవరా!" అని అరుస్తున్నాడు. నోట్లోని మట్టి ఉమ్మేసి హీరో అంటాడు: "నా మీద కూర్చున్నవాడు బరువు కాదు గురువుగారూ. చుట్టూ చూస్తున్నవాళ్ళే బరువు. వాళ్ళనొకసారి అటు తిరగమనండి, లేచిపోతాను."

నడిమి వరసలో ఎవరో దగ్గినట్టయింది. అది దగ్గు కాదు. వస్తాదు నవ్వుతున్నాడు. భుజాలు ఊగుతున్నాయి, పక్కవాడి తొడ మీద చరుస్తున్నాడు. మిగతా వాళ్ళు ఆయన వైపు చూసి, ఒక్కసారిగా పగలబడ్డారు. ఆ వెనకే హాలంతా.

"వాళ్ళు తిరగరురా," అన్నాడు తెర మీది గురువు. "నువ్వు తిరుగు!"

హీరో మట్టిలోనే గిర్రున పక్కకు తిరిగాడు. కొండ దొర్లిపడింది. ఈలలకు చెవులు దిబ్బళ్ళు వేశాయి. వెనక గోడ దగ్గర నిలబడ్డ నాయన మాత్రం నవ్వలేదు. ముఖం రెండు చేతులతో తుడుచుకుంటున్నాడు.

సరిగ్గా అప్పుడే తలుపు తెరుచుకుంది. లాఠీలతో ఇద్దరు కానిస్టేబుళ్ళు. గలాటా ఎవరిదని వాళ్ళలో పెద్దవాడు కన్నడంలో గట్టిగా అడిగాడు. నవ్వులు ఆగిపోయాయి. ముప్పైమందీ లేచి నిలబడ్డారు. వస్తాదు అందరికంటే ఆఖరున లేచి నాయన వైపు తిరిగాడు.

"పోలీసోళ్ళను పిలిపించినావా? నేను సినిమా చూసేదానికి వస్తే?"

నాయన నా వైపు చూశాడు. నా ముఖంలో అంతా తెలిసిపోయి ఉంటుంది. "అవును గురువుగారూ. నేనే పిలిచినా," అన్నాడు.

పైల్వాన్లలో ముందున్నవాళ్ళు నాయన వైపు ఒక అడుగు వేశారు. కానిస్టేబులు లాఠీ పైకెత్తాడు. నేను పరదా తోసుకుని మధ్యలోకి వెళ్ళిపోయాను.

"లేదు తాతా! ఫోన్ చేసింది నేను. నాయనకు తెలీదు. మీవాళ్ళు చుట్టుకోనుంటే కొడతారనుకున్నా." వెనక తెర మీద పాటేదో నడుస్తూనే ఉంది.

వస్తాదు నా వైపు తిరిగాడు. "భయపడినావా?"

"పడినా."

"ఇరవై ఏళ్ళకు కనబడి నాకు అబద్ధం చెప్తాడా మీ నాయన," అని గొణుక్కున్నాడు. తర్వాత పోలీసుల వైపు చెయ్యూపాడు. "గలాటా ఏమీ లేదప్పా. కూర్చోండి. ఆ లావోడు గెలుస్తాడో లేదో చూసి పోండి."

బాల్కనీలో ఎవరో కిసుక్కుమన్నారు. పెద్ద కానిస్టేబులు టోపీ తీసి వరస చివర కూర్చున్నాడు.

ఆట వదిలాక జనం అంతా పోయేదాకా వస్తాదు మెట్ల మీదే నిలబడ్డాడు. నాయన దగ్గరికి వెళ్ళి, తల వంచుకుని నిలబడ్డాడు.

"ఆ పొద్దు హో అని అరిచినోళ్ళలో ఒకడి మొగమన్నా గుర్తుండాదా నీకు?"

"లేదు గురువుగారూ."

"నాకూ లేదు. నువ్వు గుర్తుండావు."

వస్తాదు గోడ మీది పోస్టరు వైపు తిరిగాడు. "పేడ పూసింది మావాళ్ళే. సినిమా చూడకనే పూసినారు, ముండనాయాళ్ళు. రేపొచ్చి కడుగుతారు. నువ్వు ఆదివారం పొద్దున రా."

అది గొప్ప సినిమా ఏమీ కాదు. మూడు వారాలు ఆడి పోయింది. కానీ మా ఇంట్లో ఎవరైనా "జనం ఏమనుకుంటారో" అంటే చాలు, ఇంకొకరు "నువ్వు తిరుగు" అనేవారు. రెండువేల సంవత్సరం తర్వాత, కుందలహళ్ళిలోని ఒక ఆఫీసులో ఉద్యోగం చేస్తుండగా, ఒక మీటింగులో పదిమంది ముందు నా తప్పును చదివి వినిపించారు. ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలియక టేబులు వైపు చూస్తూ ఆ మాటే అనుకున్నాను. తర్వాత తలెత్తి, అవును, పొరపాటు నాదే, ఇలా సరిచేస్తానని చెప్పాను.

వస్తాదు రమ్మన్న ఆ ఆదివారం నాయన చీకటితోనే గరడికి వెళ్ళాడు. ఏమవుతుందోనని అమ్మ గుమ్మంలోనే కూర్చుంది. తొమ్మిదింటికి వచ్చాడు. జుట్టు నిండా ఎర్రమట్టి, నడుం వంగిపోయి ఉంది.

"ఈ వయసులో కుస్తీ పట్టినావా?" అని అమ్మ లేచి అరిచింది.

"కుస్తీ యాడిది? ఒక్క మాట మాట్లాడలేదు ఆయన. పార చేతికిచ్చినాడు. కొత్తగా చేరిన పిల్లోని మాదిరి గోదా అంతా నాతోనే తవ్వించినాడు."

"రేపు కూడా పోతావా?" అని అడిగాను.

నాయన చెంబు ఎత్తబోయి, చేతులు భుజం దాకా కూడా లేవక, దాన్ని నా వైపు చాపాడు. "ముందు ఇన్ని నీళ్ళు పొయ్యి పాపా," అన్నాడు.