పసుపు చొక్కా

మెట్రోలో నా పక్కన కూర్చున్నాయన చొక్కా నిండా పసుపు. ఎదురుగా నిలబడ్డ యువకుడు నవ్వి, "ముబారక్ హో భయ్యా, కిస్‌కీ షాదీ హై?" అని పెళ్లెవరిదో హిందీలో అడిగాడు.

"ఇలా అడగడంలో ఇప్పటికి నువ్వు నాలుగోవాడివి," అని ఆయన తెలుగులో గొణుక్కున్నాడు.

"తెలుగువారా?" అన్నాను.

"అవునండి అంకుల్. మా ఆవిడకి ఇవాళ ఆపరేషన్. ఒంటి మీద బంగారం తీసెయ్యమన్నారు. పసుపుతాడు కడితేగానీ మంగళసూత్రం తియ్యనంటోంది. ఈ ఊళ్లో పసుపుకొమ్ము దొరక్క పొడి కొన్నాను. స్టేషన్ తనిఖీలో పొట్లం పగిలి మీద పడింది. తాడుకి రాయడానికి చిటికెడు మిగల్లేదు. గంటలో లోపలికి తీసుకెళ్తారు."

జేబులోంచి తెల్లదారం తీసి చూపించాడు. నా సీసాలోని నీళ్లతో దాన్ని తడిపి, ఒక కొస పట్టుకున్నాను.

"మీ చొక్కాకే రుద్దండి."

రెండు స్టేషన్లు దాటేవరకూ రుద్దాడు. దారం పసుపెక్కింది.

"ఇది చెల్లుతుందంటారా?"

"కట్టేది మీరే కదా."

ఆయన దారాన్ని జాగ్రత్తగా మడుచుకున్నాడు. తన స్టేషన్ రాగానే దాన్ని గుప్పిట్లో పట్టుకుని పరుగెత్తాడు. ఆయన పేరు నేను అడగలేదు.

ఆ సాయంత్రం డైరీలో ఇదంతా రాసి, ఆపరేషన్ ఎలా జరిగిందో రాయడానికని రెండు వరుసలు వదిలాను. అవి ఇప్పటికీ ఖాళీగానే ఉన్నాయి.