హర్క రాయ్ రెండో అఫిడవిట్

2008వ సంవత్సరం. గోదావరిఖనిలో తహసీల్ ఆఫీసుకు ఎదురుగా, రేకుల నీడ కింద నా టైపు మిషన్ ఉండేది. అప్పటికి ఇరవై రెండేళ్లుగా అదే చోటు, అదే స్టూలు. నా పని ఎక్కువగా అఫిడవిట్లు కొట్టడం. అఫిడవిట్ అంటే, రాసిందంతా నిజమని మనిషి ప్రమాణం చేసి సంతకం పెట్టే కాగితం. ప్రమాణం చేసేవాణ్ని డిపోనెంట్ అంటారు. స్టాంప్ పేపర్ మీద ఇంగ్లీషులో కొట్టి ఇస్తే నోటరీ ముద్ర వేస్తాడు. పేరు, తండ్రి పేరు చెబితే చాలు, మిగతాది మొఖం చూసి నింపేస్తానని నాకో పొగరు ఉండేది.

ఆ వానాకాలంలో ఒక పొద్దున మా కాలనీ వాచ్‌మన్ బహదూర్ వచ్చాడు. పద్నాలుగేళ్లుగా మా వీధుల్లో కాపలా కాస్తున్న మనిషి. అసలు పేరు హర్క రాయ్ అని ఆ రోజే తెలిసింది. భార్య, కూతురు నేపాల్‌లో ఒక శిబిరంలో ఉన్నారట. శిబిరం వాళ్లను వేరే దేశాలకు పంపి స్థిరపరుస్తున్నారట. తలలు లెక్కపెట్టిన రోజు ఇతను ఇక్కడ డ్యూటీలో ఉన్నాడు కాబట్టి జాబితాలో పేరు లేదు. ఆమె భర్త తనేనని, ఇక్కడ పనిచేస్తున్నాడని కాగితం పంపాలి. శిబిరం ఎందుకని నేను అడగలేదు. వరదలేమో అనుకున్నాను.

"ఏంది బహదూర్, మీ దేశంల రాజును దించిన్రట గద" అన్నాను మిషన్‌లో కాగితం ఎక్కిస్తూ.

"అవును సార్, పేపర్ల వచ్చింది" అని నవ్వాడు.

కాలనీ అంతా నేపాలీ అంటుంది. ఎద్దు ఈనిందంటే గాటన కట్టెయ్యమన్నట్టు నేనూ 'నేపాల్ దేశస్థుడు' అని కొట్టేశాను. అతను సంతకం పెట్టి తీసుకుపోయాడు.

నెలన్నర తర్వాత మళ్లీ వచ్చాడు. చేతిలో భార్య రాసిన ఉత్తరం.

"సార్, నా పెండ్లాం పిల్ల ఫైలు పక్కకు పెట్టిన్రట" అన్నాడు. "మొగడు నేపాల్ మనిషైతే ఇది వేరే కేసు, ఇప్పట్ల పంపుడు కాదు అన్నరట. సార్, నాది నేపాల్ కాదు. భూటాన్."

"మరి ఆనాడే చెప్పకపోతివి?"

"అందరు నేపాలీ అంటరు. భూటాన్ అంటే అదేడ ఉంది అంటరు. చెప్పి చెప్పి ఊకున్న సార్. నువ్వు ఇంగ్లీషుల ఏం రాసినవో నాకేమెరుక."

అప్పుడు కూర్చోబెట్టి అడిగాను, ఆ పని మొదటిసారే చెయ్యాల్సింది. ప్లాస్టిక్ కవర్లోంచి తండ్రి పేరున ఉన్న భూమి పన్ను రసీదు తీశాడు. 1958 నాటిది. వాళ్ల దేశంలో సరిగ్గా ఆ ఏటి రసీదు చూపినవాడే సొంతవాడట. ముందటి ఏడాదిదైనా, తర్వాతి ఏడాదిదైనా పనికిరాదట. ముల్కీ, లోకల్ అని, ఎవరు ఇక్కడివాళ్లో రుజువు చేసే కాగితాలు కొట్టి కొట్టి అరిగిన వేళ్లు నావి. ఆ మాట నాకు వెంటనే అర్థమైంది.

"ఇది ఉండంగ ఎందుకు ఎళ్లగొట్టిన్రు?"

"మేం మాట్లాడేది నేపాలీ గద సార్. రాజు బట్ట కట్టాలె, రాజు భాష మాట్లాడాలె అన్నరు. గొడవలైనయి. మమ్ముల లారీలల్ల ఎక్కించి మీ దేశం మీదికెల్లి నేపాల్ల దించిన్రు. మీ సర్కారునడిగితే అది ఆ రెండు దేశాల పంచాయితీ అన్నది."

రసీదు కవర్లో పెడుతూ అన్నాడు. "ఎళ్లేముందు ఒక కాగితం మీద సంతకం పెట్టించుకున్నరు సార్. ఆ భాష మాకు సదువరాదు. బయటికొచ్చినంక తెలిసింది, నా ఇష్టంతోనే పోతున్న అని రాసున్నదట."

నేను పాత అఫిడవిట్ కార్బన్ కాపీ తీశాను. అడుగున అన్ని అఫిడవిట్లలో ఉండే వాక్యమే ఉంది: పై విషయాలు డిపోనెంటుకు తెలిసిన భాషలో చదివి వినిపించడమైనది, నిజమని ఒప్పుకున్నాడు. ఆ వాక్యాన్ని కళ్లు మూసుకుని కొట్టగలను. ఒక్కరికీ చదివి వినిపించింది లేదు. వాళ్ల రాజు మనుషులు చేసిన పనే నేనూ చేశానని తోచి, అతని మొఖం చూడలేకపోయాను.

తప్పు నాదేనని రాసి, రసీదు నకలు జతచేసి, కొత్త అఫిడవిట్ కొట్టాను. ఆ ఫైలు మళ్లీ కదలడానికి ఎనిమిది నెలలు పట్టింది. చివరికి ముగ్గురూ నార్వే పోయారు. నా తొందర వల్ల ఆ తల్లీకూతుళ్లు ఎనిమిది నెలలు ఎక్కువ ఆ శిబిరంలో వెదురు గుడిసెలో ఉన్నారు. ఆ బాధ నాకు ఇప్పటికీ ఉంది.

ఆనాటి నుంచి ఎవరు తొందరపెట్టినా, "చదువుడెందుకు కాకా, జల్ది కొట్టు" అని విసుక్కున్నా, తెలుగులో మొత్తం వినిపించాకే సంతకానికి కలం ఇస్తాను. ఇది నాకు నేర్పింది హర్క రాయ్.

ఆ రెండో కాగితం కొట్టిన రోజు, దాన్ని అతనికి ముక్కముక్కా విడమర్చి తెలుగులో, తెలియని చోట హిందీలో చెప్పాను. తలవంచుకుని విన్నాడు. 'భూటాన్ దేశస్థుడనైన' అన్న చోట ఆపి, ఇంకోసారి చదవమన్నాడు. చదివాను. సంతకానికి కలం తీసుకున్నాడు.

"ఆనాడు గిట్ల సదివి చెప్తే" అన్నాడు, "నేను సంతకం పెడ్తుంటినా సార్?"