కొంగులో ముడి

హనుమాన్ జంక్షన్‌లో బస్సెక్కిన ఒక పెద్దావిడ నా పక్కన కూర్చుంది. నా ఒళ్లో నోట్సు చూసి, "ఏం పాఠం చెప్తారండీ?" అని అడిగింది.

"సోషియాలజీ అండీ. వస్తువు మార్కెట్టుకి వచ్చాక దాన్ని చేసిన మనిషి మనకి కనపడడని మార్క్స్ అన్నాడు. రేపు క్లాసులో అదే చెప్పాలి."

ఆవిడ నా నేతచీర కొంగు అందుకుని తడిమింది. నా వేలు పట్టుకుని ఒకచోట ఆనించింది. చిన్న ముడి తగిలింది.

"ఇక్కడ పోగు తెగితే ముడేశారమ్మా. మేమూ నేసేవాళ్లమే. కాస్త లావుగా పడింది చూడండి. కొత్తగా నేర్చుకుంటున్న చెయ్యి, పాపం."

ఆ చీర ఆరేళ్లుగా కడుతున్నాను. ముడి ఉందని నాకు తెలియనే తెలియదు.

ఆ పాఠం చెప్పే రోజు ఇప్పటికీ అదే కడతాను. "కనపడడు" అనే మాట దగ్గరికొచ్చేసరికి నా వేలు కొంగులో ఆ ముడిని వెతుక్కుంటుంది.